ఎక్కేదెవరు, దిగేదెవరు

మీసాలు మొలవకముందే మా తరంవాళ్ళం రకరకాల బళ్ళెక్కి చంద్రుడి దాకా, చుక్కల దాకా పోయొచ్చాం. ఫిరంగి గుండులో కూర్చుని పోయాం. భూమి లాగుడును ఆపేసే తెరలు బిగించిన గోళంలో పోయాం. హిమాలయాల్లో కట్టిన రాకెట్టులో పోయాం. కాంతి వేగానికి దగ్గరగా పరుగెత్తే ఓడల్లో పోయాం. ఆ బళ్ళలో ఒక్కటీ లోకంలో లేదు. అన్నీ రచయితల ఊహలో పుట్టి, చవక పుస్తకాలుగా అచ్చై, మా గూడూరులో గ్రంథాలయం వరండా మీద చర్చకు వచ్చినవే. లేని ఇంజన్ల గురించి ఒక చిన్న ఊరు సాయంత్రాల తరబడి గట్టిగా మాట్లాడుకున్న కాలం అది. 1970ల చివర మొదలై 1990ల మొదట్లో ముగిసిపోయిన ఆ జీవితాన్ని చూసినవాళ్ళం ఇంకా కొందరం మిగిలున్నాం కాబట్టి రాసి పెడుతున్నాను.

గూడూరంటే నిమ్మకాయల మండీలు, మైకా గిడ్డంగులు, మద్రాసు లైనూ రేణిగుంట లైనూ కలిసే రైల్వే జంక్షను. ఊరికి ఆగ్నేయంగా పులికాట్ సరస్సు, ఆ సరస్సుకీ సముద్రానికీ నడుమ శ్రీహరికోట దీవి. 1971 అక్టోబరు 9న ఆ దీవి నుంచి రోహిణి-125 అనే చిన్న పరిశోధక రాకెట్టు లేచింది. 1979 ఆగస్టు 10న ఎస్‌ఎల్‌వీ-3 తొలి ప్రయోగం విఫలమైంది. 1980 జూలై 18న అదే రకం రాకెట్టు 35 కిలోల రోహిణి ఉపగ్రహాన్ని కక్ష్యలో పెట్టింది. నిజం రాకెట్టు మాకు అంత దగ్గర్లో ఉన్నా దాని సంగతి పేపర్లో వచ్చినంతవరకే తెలిసేది. కల్పిత బండి అట్లా కాదు. దాన్ని విప్పి చూడొచ్చు, ఎవరు కట్టారో అడగొచ్చు, డబ్బెవరిదో అడగొచ్చు, అది వచ్చాక ఊళ్ళు ఏమైనాయో అడగొచ్చు. పుస్తకంలో జవాబు లేకపోతే మనమే వెతుక్కోవచ్చు.

మా శాఖా గ్రంథాలయం పెంకుటిల్లు. లోపల రెండు పొడుగాటి బల్లలు, వాటి చుట్టూ పేపర్లు చదివేవాళ్ళు. నాలుగు బీరువాలు, వాటి తాళాలు లైబ్రేరియన్‌గారి నడుముకు. సాయంత్రం ఆరుకు పేపర్ల రద్దీ తగ్గేది. ఆ తర్వాత వరండాలో కూర్చునేవాళ్ళే వేరు. హైస్కూల్లో సైన్సు చెప్పే అయ్యవారు వచ్చేవారు. బొగ్గు ఇంజన్లలో ఫైర్‌మన్‌గా చేసి రిటైరైన ఒకాయన వచ్చేవాడు, ఆయన్ని పిల్లలందరం చిన్నాయనా అనే పిలిచేవాళ్ళం. నిమ్మకాయల మండీ గుమాస్తా ఒకరు, కోర్టులో టైపిస్టు ఒకరు. మెట్టు మీద, స్తంభానికి వీపానించి, మండీలో మూటలు మోసే ఒక యానాది తాత. ఆయనకు చదువు రాదు. కానీ ఎవరైనా చదివి చెపుతుంటే కథలో ఒక్క ముక్క వదిలేవాడు కాదు.

పుస్తకాలు రెండు దారుల్లో వచ్చేవి. ఒకటి గ్రంథాలయం బీరువా. రెండోది విశాలాంధ్ర వాళ్ళ పుస్తకాల వ్యాను. అది బస్టాండు దగ్గర ఆగిందంటే పిల్లలకు పండగే. మీర్, ప్రగతి, రాదుగ ప్రచురణాలయాలు మాస్కోలో అచ్చువేసిన పుస్తకాలు, గట్టి అట్టతో, రంగుల బొమ్మలతో, సినిమా టిక్కెట్టంత ధరకు దొరికేవి. ఉప్పల లక్ష్మణరావు, రాచమల్లు రామచంద్రారెడ్డి వంటివాళ్ళు మాస్కోలో ఉండి తెలుగు చేసిన కాలం గడిచిన కొద్దిరోజులకే ఆ పుస్తకాలు మా చేతికొచ్చాయి. తెలుగులో లేనివి ఇంగ్లీషులో కొనేవాళ్ళు, అయ్యవారు చదివి మాకు తెలుగులో చెప్పేవారు. ‘సోవియట్ భూమి’ పత్రిక నున్నటి కాగితాలతో నోటుపుస్తకాలకు అట్టలు వేసుకోని పిల్లవాడు మా బడిలో లేడంటే అతిశయోక్తి కాదు. లెక్కల పుస్తకం మీద వ్యోమగామి, సాంఘికశాస్త్రం మీద గోధుమ పొలం. 1984 ఏప్రిల్‌లో రాకేశ్ శర్మ సోయుజ్‌లో వెళ్ళినప్పుడు, ఆ అట్ట మీది ముఖాల పక్కన మనవాడి ముఖం కూడా చేరిందని గర్వంగా ఉండేది.

మొదట మేమెక్కిన బండి జూల్స్ వెర్న్ ఫిరంగి. 1865లో వచ్చిన ఆ నవలలో అమెరికా అంతర్యుద్ధం అయిపోయాక ఫిరంగులు చేసేవాళ్ళకు పని లేకుండా పోతుంది. బాల్టిమోర్‌లో ఉన్న వాళ్ళ సంఘం చంద్రుడి మీదికి గుండు పేల్చాలని తీర్మానిస్తుంది. ఫ్లోరిడా నేలలో 900 అడుగుల లోతున ఫిరంగిని పోతపోస్తారు. సెకనుకు 12,000 గజాల వేగం కావాలి. చివరికి ఆ గుండులో ముగ్గురు మనుషులు కూర్చుంటారు.

అయ్యవారు రష్యన్ సైన్సు రచయిత యాకొవ్ పెరెల్‌మాన్ పుస్తకం తెచ్చి వరండా గచ్చు మీదే సుద్దముక్కతో లెక్క వేశారు. 900 అడుగుల్లో 200 అడుగులు మందుకే పోతే, గుండు వేగం అందుకోవడానికి మిగిలింది 700 అడుగులు. ఆ కాస్త దూరంలో అంత వేగం రావాలంటే, సెకనులో పాతికో వంతు కాలంలో రావాలి. ఆ క్షణంలో లోపల ప్రతి వస్తువు బరువూ దాదాపు 30,000 రెట్లు అవుతుంది. పావుకిలో టోపీ ఏడు టన్నులు తూగుతుంది. ఫిరంగి నోట్లోంచి బయటపడకముందే ముగ్గురూ తమ టోపీల కిందే నలిగిపోతారు. లెక్క అర్థమైనప్పుడు మాకు కలిగిన ఆనందం ఇప్పటికీ గుర్తుంది. ఒక పెద్ద రచయిత కట్టిన బండిని మా వరండా మీద, మా చేతులతో తూచి చూశాం.

అయితే చర్చ లెక్కతో ఆగలేదు. మండీ గుమాస్తాకు వెర్న్ రాసిన చందాల అధ్యాయం నచ్చింది. ఫిరంగికి డబ్బు కోసం ఆ సంఘం లోకంలోని దేశాలన్నిటినీ చందా అడుగుతుంది. రష్యా పెద్ద మొత్తం పంపుతుంది, ఇంగ్లండు చిల్లిగవ్వ ఇవ్వదు. ‘‘అందరి డబ్బుతో కట్టిన బండి కదా, మరి ఎక్కింది ముగ్గురేనా? ఆ ముగ్గుర్నీ ఎన్నుకున్నదెవురు?’’ అన్నాడాయన. ఆడపిల్లలు ఆ వరండాలో కూర్చునే రోజులు కావు. పుస్తకాలు మాత్రం మా చేతుల మీదుగా ఇళ్ళకు పోయేవి. మా అక్క ఆ పుస్తకం తిరిగిచ్చేటప్పుడు మధ్యలో ఒక చీటీ పెట్టింది: ‘ఆ ముగ్గురిలో ఒక్క ఆడమనిషి లేదేం? వాలెంతీనా తెరెష్కోవా 1963లోనే పోయొచ్చింది కదా. అయ్యవార్ని అడుగు.’ అయ్యవారు చీటీని బిగ్గరగా చదివారు. ఆ తర్వాత మా చర్చల్లో చీటీలు మామూలైపోయాయి. ఇళ్ళల్లో ఉన్న అక్కలు, అత్తలు, పెద్దమ్మలు అట్లా వరండాకి వచ్చారు.

రెండో బండి హెచ్. జి. వెల్స్‌ది. 1901 నాటి నవల. కేవర్ అనే శాస్త్రవేత్త గురుత్వాకర్షణను అడ్డుకునే పదార్థం తయారు చేస్తాడు. దానిపేరు కేవరైట్. గాజు గోళం చుట్టూ ఆ పదార్థంతో తెరలు బిగిస్తారు. ఏ తెర తీస్తే అటువైపున్న గ్రహం లాక్కుంటుంది, మూస్తే వదిలేస్తుంది. పక్కనున్న బెడ్‌ఫర్డ్ వ్యాపారి. ఆయన మనసంతా దీని మీద ఎంత సంపాదించొచ్చు అన్నదాని మీదే. ఫిరంగి కట్టి, లెక్కలు వేసి పంపిన తన పద్ధతితో ఈ పదార్థాన్ని పోల్చి, వెల్స్ భౌతికశాస్త్రాన్ని పక్కన పెట్టాడని వెర్న్ నొచ్చుకున్నాడట. పెరెల్‌మాన్ దీన్ని కూడా వదల్లేదు. ఆ తెరను మూయడానికే, గోళాన్ని భూమి పట్టు నుంచి బయటికి లాగడానికి పట్టేంత శక్తి కావాలని తేల్చాడు. ప్రకృతి దగ్గర ఉచిత ప్రయాణం లేదు.

ఆ రోజు యానాది తాత అడిగిన ప్రశ్నకు పెరెల్‌మాన్ పుస్తకంలోనూ జవాబు లేదు. ‘‘బరువే లేకుండా పోయే మందు వస్తే మూటలు వాటంతటవే లేస్తాయి గదా నాయనా. అప్పుడు మాకు కూలెవురిస్తారు?’’ అన్నాడు. అంతదాకా మేం ఆ పదార్థంతో ఎక్కడికెక్కడికి పోవచ్చో ఊహించుకుంటున్నాం. ఆయన ఒక్క మాటతో దాన్ని నిమ్మకాయల మండీలోకి దించాడు. ఆపైన రెండు సాయంత్రాలు చంద్రుడి మాటే లేదు. రేవుల్లో హమాలీలు, ఇళ్ళు కట్టే కూలీలు, బండ్లు లాగే ఎద్దులు, ఎద్దుల్ని మేపే రైతులు. బరువు మీద బతికే లోకమంతా వరండా మీదికి వచ్చింది. కేవరైట్‌ను తయారుచేసే హక్కు బెడ్‌ఫర్డ్ లాంటి ఒక్కడి చేతిలో ఉంటే ఒకలాగ, పంచాయతీ చేతిలో ఉంటే మరొకలాగ. టైపిస్టుగారు రెంటికీ చెరొక దరఖాస్తు రాసి తెచ్చి చదివి వినిపించారు. కథ చివర్లో చంద్రుడి మీద చిక్కుకున్న కేవర్, అక్కడి ప్రభువుకి భూమ్మీది యుద్ధాల గురించి చెప్పేస్తాడు. ఆ తర్వాత అతని నుంచి వార్తలు ఆగిపోతాయి. ఇట్లాంటి మనుషుల చేతిలో ఇట్లాంటి బండి ఉండకూడదని చంద్రుడి మీదివాళ్ళు తీర్మానించుకున్నారన్నమాట. ఒక ఇంజను గురించి అవతలి ఒడ్డువాళ్ళ అభిప్రాయం కూడా ఉంటుందని మాకు ఆ కథ చెప్పింది.

మూడో బండి ఎక్కేసరికి మేం కొంచెం పెద్దవాళ్ళమయ్యాం. కాన్‌స్తాంతిన్ త్సియోల్కోవ్‌స్కీ కలూగా అనే ఊళ్ళో బడిపంతులు. చిన్నప్పుడు జ్వరం వచ్చి వినికిడి పోయింది. వెర్న్ కథలు చదివి, ఫిరంగితో పని జరగదని తెలుసుకుని, రాకెట్టు అయితే వీలవుతుందని 1903లో లెక్క కట్టి చూపాడు. ఆయన 1920లో ఒక కథ కూడా ప్రచురించాడు. అందులో న్యూటన్, గెలీలియో, లాప్లాస్, ఫ్రాంక్లిన్ అనే పేర్లు పెట్టుకున్న శాస్త్రవేత్తలు హిమాలయాల్లో ఒక కోటలో ఉంటారు. రాకెట్టు కడతారు. కథ జరిగే ఏడాది 2017. ఆ రాకెట్టు వల్ల మనుషులు భూమి చుట్టూ తిరిగే గాజు తోటల్లోకి వలసపోతారు. అక్కడే పండిస్తారు, అక్కడే బతుకుతారు.

బండి లెక్కను మాకు అర్థమయ్యేట్టు చెప్పింది ఫైర్‌మన్ చిన్నాయన. ‘‘మా ఇంజను వెనక బొగ్గు పెట్టె ఉండేది. నీళ్ళు మాత్రం దారిలో పట్టుకునేవాళ్ళం. దారిలో నీళ్ళూ బొగ్గూ దొరకవు అన్నారనుకో, మద్రాసు నుంచి ఢిల్లీ దాకా కావలసిందంతా మోసుకుపోవాల. మోసేదాన్ని లాగడానికి ఇంకా బొగ్గు. ఆ బొగ్గును లాగడానికి మళ్ళీ బొగ్గు. ఆఖరికి బండి నిండా బొగ్గే ఉంటాది, కూర్చోడానికి మనిషికి చోటుండదు.’’ త్సియోల్కోవ్‌స్కీ సూత్రాన్ని ఇంతకంటే తేటగా చెప్పినవాళ్ళు నాకు ఆ తర్వాత తగల్లేదు. రాకెట్టు ఎంత వేగం అందుకుంటుందన్నది రెండింటి మీదే ఆధారపడుతుంది: వాయువును ఎంత వేగంగా వెనక్కి చిమ్ముతుంది, మొదటి బరువుకీ మిగిలే బరువుకీ నిష్పత్తి ఎంత. తర్వాతి కాలంలో మన పీఎస్‌ఎల్‌వీ లెక్క చూసినప్పుడు చిన్నాయనే గుర్తొచ్చాడు. నేల మీద దాని బరువు సుమారు 320 టన్నులు. ధ్రువాల మీదుగా పోయే కక్ష్యలోకి అది చేర్చగలిగేది సుమారు 1,750 కిలోలు. మొత్తంలో నూరో వంతు కూడా కాదు. కథకులు కొత్త కొత్త ఇంజన్లు కల్పించడానికి కారణం ఈ బొగ్గు పెట్టె నుంచి బయటపడాలన్న తపనే.

ఆ తపనకు పెద్ద రూపం ఇవాన్ యెఫ్రేమొవ్ 1957లో రాసిన ‘ఆండ్రోమెడా’. వ్యానులో దొరికిన ఇంగ్లీషు ప్రతిని అయ్యవారు వారానికి ఒక అధ్యాయం చొప్పున చెప్పేవారు. వేల ఏళ్ళ తర్వాతి భూమి. దేశాలు లేవు, డబ్బు లేదు. నక్షత్ర నౌకలు ఆనమెజాన్ అనే ఇంధనంతో కాంతి వేగానికి దగ్గరగా పోతాయి. అయినా నక్షత్రాల మధ్య దూరాలకు అదీ చాలదు. ఎంవెన్ మాస్ అనే శాస్త్రవేత్త, దూరాన్నే తుడిచెయ్యాలన్న ఆరాటంతో, టిబెట్‌లో ఒక ప్రయోగం చేస్తాడు. అందరికీ చెందిన కరెంటు వాడుకుంటూ అనుమతికి ఆగడు. ప్రయోగం చెయ్యిదాటి పోతుంది. పైన పరిశీలనలో ఉన్న ఉపగ్రహం బద్దలై నలుగురు చనిపోతారు. ఎంవెన్ మాస్ పారిపోడు, దాచడు. పదవి వదిలేసి తనకు తానే, లోకానికి దూరంగా ఉండే మరుపు దీవికి వెళ్ళిపోతాడు. తర్వాత మండలి ముందు విచారణ జరుగుతుంది.

ఈ భాగం మా వరండాను చాలాకాలం వదల్లేదు. రైలు ప్రమాదాల విచారణలు చూసిన చిన్నాయన, ‘‘ఆ నలుగురూ తెలిసి కూర్చున్నారా, తెలియక కూర్చున్నారా, అది ముందు చెప్పండి’’ అని పట్టుబట్టాడు. తెలిసి, ఒప్పుకునే కూర్చున్నారు అన్నారు అయ్యవారు. ‘‘అయితే ఒక తప్పు తగ్గింది, ఇంకో తప్పు అట్నే ఉండాది. కరెంటు ఊరందరిదీ గదా, ఊర్ని అడిగినాడా?’’ అన్నాడు. 1984 డిసెంబరులో భోపాల్ వార్త వచ్చింది. ఒక్క రాత్రిలో గ్యాసు వేల ప్రాణాలు తీసిన ఆ వారంలో వరండాలో పేపరు చదవడానికి గొంతు రాలేదు ఎవరికీ. అప్పుడు అయ్యవారు మళ్ళీ ఆ పుస్తకమే తీశారు. చనిపోయినవాళ్ళకు ఎవరైనా ముందు చెప్పారా, వాళ్ళు ఒప్పుకున్నారా అన్న ప్రశ్న మాకు అప్పటికే అలవాటై ఉంది. కథలో నేర్చుకున్న ప్రశ్న పేపర్లోని శవాల ముందు నిలబడడానికి కొంచెం బలమిచ్చింది.

యానాది తాత సంగతి చివరికి చెపుతున్నానంటే కారణం ఉంది. ఆయన ఎక్కడివాడో మేం అడిగితే చెప్పింది కాదు. హిమాలయాల కోట కథ వింటూ, ‘‘ఆ కొండ మీద ముందునుంచీ ఉన్నోళ్ళు ఏమైనారు?’’ అన్నాడు. కథలో ఆ ప్రస్తావన లేదన్నారు అయ్యవారు. అప్పుడు మెల్లగా చెప్పాడు. ఆయన పుట్టింది శ్రీహరికోటలో. దట్టమైన అడవి. తేనె, దుంపలు, వేళ్ళు, మందాకులు, సరస్సులో చేప. అడవి కట్టెలు బకింగ్‌హాం కాలువ మీద పడవల్లో మద్రాసుకు పోయేవి. ఆ కట్టెలు కొట్టడం, మోయడం వాళ్ళ పని. 1969లో రాకెట్ల కోసం ఆ దీవిని ఎంపిక చేశారు. తూర్పున సముద్రం ఉంది, రాకెట్టు కింద పడినా మనుషుల మీద పడదు. భూమధ్యరేఖకు దగ్గర కాబట్టి భూభ్రమణం ఊపు కలిసొస్తుంది. శాస్త్రపరంగా చూస్తే గొప్ప ఎంపిక. ఊళ్ళు ఖాళీ అయ్యాయి. తాత కుటుంబం గూడూరు చేరింది. ఏ చెట్టు పట్ట జ్వరానికి, ఏ వేరు తేలు కాటుకు అన్న తెలివి గూడూరు మండీలో దేనికీ అక్కరకు రాలేదు.

ఆయన గొంతులో కోపం లేదు. రాకెట్టు చెడ్డదని కూడా అనలేదు. ‘‘మీరంతా ఎక్కేదెవురు ఎక్కేదెవురు అంటా ఉంటారు. బండి రావాలంటే ముందు దిగాల్సినోళ్ళు కొందరుంటారు నాయనా. వాళ్ళనీ ఒక మాట అడగాల’’ అన్నాడు. వరండాలో ఉన్నవాళ్ళలో నిజం రాకెట్టు వల్ల బతుకు మారినవాడు ఆయన ఒక్కడే. మేం చదివిన రచయితలందరికన్నా ఆయనకే ఆ విషయం బాగా తెలుసు. ఆ రోజునుంచి ఏ కల్పిత బండి వచ్చినా మూడు ప్రశ్నలు తప్పకుండా వేసేవాళ్ళం: డబ్బెవరిది, ఎక్కేదెవరు, దిగేదెవరు.

ఆ జీవితం ఒక్క దెబ్బతో పోలేదు. దూరదర్శన్ రిలే కేంద్రాలు జిల్లాలకు వచ్చాక ఆదివారం పొద్దున ‘స్టార్ ట్రెక్’ చూశాం. అమెరికాలో 1966 నుంచి 1969 దాకా వచ్చిన ధారావాహిక మాకు పదిహేనేళ్ళకు పైగా ఆలస్యంగా అందింది. ఓడ చుట్టూ ఉన్న ఆకాశాన్నే మడతపెట్టి, కాంతికన్నా వేగంగా పోయే వార్ప్ ఇంజను అందులో ఉంది. నడిపేవాళ్ళలో ఆఫ్రికా మూలాల ఉహురా, జపాను మూలాల సులు, రష్యావాడు చెకోవ్. సోవియట్ పుస్తకాలు చదివి పెరిగిన మాకు అమెరికా ఓడలో మిగతావాళ్ళ పక్కనే రష్యావాడు కూర్చోవడం చూస్తే ఒళ్ళు పులకరించేది. చాలా కాలం తర్వాత 1996 సినిమాలో ఆ ఇంజను పుట్టుక చూపించారు. 2063లో, యుద్ధంతో చితికిన భూమ్మీద, జెఫ్రమ్ కోక్రన్ అనే మనిషి ఒక అణుక్షిపణిని తీసుకుని దాన్నే తొలి వార్ప్ నౌకగా మారుస్తాడు. ఆ మెరుపు చూసి దారిన పోయే పరగ్రహవాసులు దిగుతారు. విశ్వంలో ఒంటరి కాదని తెలిశాక మనుషులు పేదరికాన్నీ యుద్ధాన్నీ వదిలేస్తారు. వెర్న్ ఫిరంగి కూడా యుద్ధం లేని ఫిరంగే. ఆయుధాన్ని బండిగా మార్చాలన్న కోరిక నూట ముప్పై ఏళ్ళలో మారలేదు. 1994లో మిగెల్ అల్కుబియెర్రే అనే మెక్సికో శాస్త్రవేత్త ఐన్‌స్టీన్ సమీకరణాల్లో అట్లాంటి ఇంజనుకు చోటుందని చూపాడు. దానికి రుణశక్తి కావాలి, అది ఎవరి దగ్గరా లేదు. అయినా ఒక టీవీ కథ నిజమైన శాస్త్ర వ్యాసానికి దారి తీసింది.

ఇవన్నీ వరండాలో మాట్లాడుకోవలసిన సంగతులు. కానీ అప్పటికి వరండా ఖాళీ. టీవీ ఉన్న ఇంట్లో అందరం ఒకచోట కూర్చున్నా, తెర వైపు కూర్చున్నాం. బొమ్మ ఆగాక లేచి పోయేవాళ్ళం. 1991 డిసెంబరులో సోవియట్ యూనియన్ లేకుండా పోయింది. మాస్కో నుంచి తెలుగు పుస్తకాలు రావడం ఆగింది. వ్యానులో పరీక్షల గైడ్లు ఎక్కువయ్యాయి. అయ్యవారికి బదిలీ అయింది. చిన్నాయన చూపు తగ్గి ఇంటిపట్టున ఉండిపోయాడు. పిల్లలం ఎంసెట్‌కీ ఉద్యోగాలకీ చెదిరిపోయాం. మాలో కొందరు ఇంజనీర్లయ్యారు, కొందరు అమెరికా వెళ్ళారు. యానాది తాత ఎప్పుడు పోయాడో మాలో ఎవరికీ కబురు అందలేదు. బీరువాలు ఉన్నాయి. పుస్తకాలు తీసి బిగ్గరగా చదివే గొంతు పోయింది.

దాని బదులు మనకు చాలా వచ్చింది, సందేహం లేదు. 2022 నవంబరు 18న హైదరాబాదు కుర్రవాళ్ళు కట్టిన విక్రమ్-ఎస్ రాకెట్టు శ్రీహరికోట నుంచి లేచింది. 2023 ఆగస్టు 23న చంద్రయాన్-3 చంద్రుడి దక్షిణ ధ్రువ ప్రాంతంలో దిగినప్పుడు ఊరూరా టపాకాయలు కాల్చారు. పీఎస్‌ఎల్‌వీ పోయే రోజున ప్రయోగం చూడడానికి జనం దీవికి వెళ్ళి, కట్టించిన గ్యాలరీలో కూర్చుని చప్పట్లు కొడుతున్నారు. నాకూ కళ్ళు చెమ్మగిల్లుతాయి. చదువుకున్న పిల్లల్ని కదిపితే ఇంజను పేరు, ఇంధనం పేరు, దశలు, బరువులు గడగడ చెపుతారు. మేం ఆ వయసులో అంత చెప్పలేకపోయేవాళ్ళం. డబ్బెవరిది, ఎక్కేదెవరు, దిగేదెవరు అన్నవి మాత్రం వాళ్ళ నోట వినపడవు. వాళ్ళ తప్పు కాదు. ఆ ప్రశ్నలు అడిగే చోటు వాళ్ళకు ఇవ్వలేదు మనం.

ఇప్పుడు ఏ పెద్ద ప్రాజెక్టు వచ్చినా ప్రజాభిప్రాయ సేకరణ అని ఒక సభ పెడతారు. అప్పటికి స్థలం ఖరారై, పటాలు గీసి, సరిహద్దు రాళ్ళు నాటేసి ఉంటారు. మాట్లాడేవాడికి మూడు నిమిషాలు. కల్పిత ఇంజను గొప్పతనం ఇక్కడే ఉంది. అది ఇంకా లేదు కాబట్టి ఎవరి డబ్బూ అందులో ఇరుక్కోలేదు, ఎవరి పదవీ దాని మీద నిలబడలేదు. హమాలీ, గుమాస్తా, ఫైర్‌మన్, ఇంట్లోంచి చీటీ పంపిన అక్క, అందరూ ఒకే వరుసలో కూర్చుని మాట్లాడొచ్చు. రేపటి గురించి ఊరు ముందుగా జరుపుకునే సభ అది. కాలక్షేపం అనుకుని వదిలేశాం కానీ, ప్రజాస్వామ్యానికి అంతకన్నా మంచి సాధన నాకు కనిపించలేదు.

చంద్రుడి మీద స్థావరాలు, అంగారకుడి మీద ఊళ్ళు, గ్రహశకలాల్లో గనులు అంటూ కంపెనీలూ ప్రభుత్వాలూ తారీకులు ప్రకటిస్తున్న రోజులివి. వాటికి కావలసిన ఇంజన్లలో చాలావాటికి ఇంకా కాగితం మీదే చోటు. అంటే మన ప్రశ్నలకు ఇంకా సమయం మిగిలే ఉంది. గ్రంథాలయ పన్ను ఇప్పటికీ ఇంటిపన్నుతో పాటే కడుతున్నాం. ప్రతి శాఖా గ్రంథాలయంలోనూ వారానికి ఒక సాయంత్రం ఒక కల్పిత బండి కథను బిగ్గరగా చదివించాలి. చదువు వచ్చినవాళ్ళూ రానివాళ్ళూ, ఆడవాళ్ళూ మగవాళ్ళూ వచ్చి కూర్చునేట్టు పిలవాలి. లెక్క వేయగలిగిన అయ్యవారు ఒకరుండాలి. ఆ బండి కోసం దిగిపోవలసి వచ్చేవాళ్ళ తరఫు మనిషిని ముందు మాట్లాడనివ్వాలి. మా ఊళ్ళో ఆ వరస ఆలస్యంగా కుదిరింది, అదీ తాత నోరు విప్పాడు కాబట్టి. కొత్తగా మొదలుపెట్టేవాళ్ళు మొదటి రోజునుంచే ఆ వరస పాటించవచ్చు.